ఊట నిలిస్తే తోట నిలుస్తాది

వన్నూరప్ప ఇంట్లో నలుగురు. ఆ నలుగురి తెలివీ కలిపి ఒక చింతగింజ తొలిచి అందులో పోస్తే ఇంకా కొంచెం జాగా మిగుల్తుంది. అయినా ఆ ఇంటి అరుగు మీద ఎవరన్నా పొరపాటున కూర్చున్నారా, ఇంకేముంది, తెలివిని గురించే పాఠం.

"మాటను ఉన్నది ఉన్నట్టు పట్టుకోవాల. తిప్పి పట్టుకునేటోడు దొంగ" అనేవాడు వన్నూరప్ప. అది వాళ్ళ తాత ఇచ్చిపోయిన ఆస్తి. ఆ తాతను ఎవరో "ఒక చోట కాలు నిలపవయ్యా" అంటే ఒంటికాలి మీద మూడు దినాలు నిలబడి నాలుగో దినం పడిపోయాడు. అట్లాంటి వంశం.

పోయిన ఎండాకాలం ఊళ్ళో దొంగల భయం పుట్టింది. వన్నూరప్ప, పెళ్ళాం మారెక్క, పెద్దకొడుకు సుంకన్న, చిన్నకొడుకు తిప్పన్న నలుగురూ కూర్చొని ఆలోచించి, వీధి తలుపు ఊడబీకి అటక మీద దాచారు. తలుపుంటేనే గదా దొంగ తెరిచేది! అది చూసి మారెక్క తమ్ముడు, పక్క చేను కుళ్ళాయప్ప, నడుం మీద చెయ్యి పెట్టుకొని, "బావా, నీ తెలివి తెల్లారినట్టే ఉంది" అన్నాడు.

వన్నూరప్ప పొంగిపోయాడు. తెల్లారడమంటే మాటలా? ఊరికంతా వెలుగు! కనపడినవాడికల్లా చెప్పుకున్నాడు. ఒక్కటే ముల్లు గుచ్చుకొని ఉండిపోయింది. ఆ మాట అన్నాక బామ్మర్ది నవ్వాడు. పొగిడేవాడు నవ్వుతాడా? అది కడుపుమంట గాక ఏమిటి? ఆ దినం నుంచి కుళ్ళాయప్పను మంచీ చెడ్డా అడగడం మానేశాడు.

ఆ ఇంటికి ఉన్నదల్లా అరవై చీనీచెట్లు, కొన్ని ఊళ్ళలో బత్తాయి అంటారే, అవి. పిందె దిగింది, కాయ నిమ్మకాయంత అయింది, అంతలో వాన మొండికేసింది. ఆకులు దొప్పల్లాగా ముడుచుకున్నాయి. ఆ అరవై చెట్లూ పోతే ఇంక ఆ ఇంట్లో తినడానికి తెలివొక్కటే మిగులుతుంది. దాంతో ఒక పూట గూడా గడవదు.

అందుకని బావి తవ్వించారు. పోలన్న మేస్త్రీ మనుషులు నెల దినాలు తవ్వారు. పది మట్ల లోతున, అంటే పది నిలువుల కింద, బండసందులో నుంచి దారమంత నీళ్ళు జారాయి. పోలన్న పైకొచ్చి చెమట తుడుచుకుంటూ చెప్పాడు:

"వన్నూరప్పా, ఊట పడింది. కాకపోతే ఊట తక్కువుంది. గడ్డపారలు మొద్దుబారినాయి, కమ్మరి కొలిమికి పోయి మొన పెట్టించుకొని మూడోదినం వస్తా. అంతదాకా ఊటను బాగా చూసుకోండి. దానికేం అడ్డం రావద్దు. ఊట నిలిస్తే తోట నిలుస్తాది."

వన్నూరప్ప తల ఊపాడు. వాళ్ళ వంశంలో బావి తవ్వినవాడు లేడు. ఊట అనే మాట ఆయన చెవిన పడడం అదే మొదలు. అడగొచ్చు గదా? తెలివి తెల్లారిన మనిషి అడుగుతాడా!

పోలన్న అటు పోగానే ఇంటిల్లిపాదీ అరుగు మీద కూడారు.

"ఊట అంటే ఏందిరా?" అన్నాడు వన్నూరప్ప.

"నీకు తెలీదా నాయనా?"

"నాకు తెల్సు. మీకు తెల్సా లేదా అని."

మారెక్క మూతి తిప్పింది. "ఏమయ్యా, నలభై ఏండ్లు తింటాండావు, ఊట తెలీదా? ఊరగాయ జాడీలో పైకి తేల్తాది జూడు, ఉప్పగా, పుల్లగా, అదే ఊట. ఊట తక్కువైతే కాయ బూజు పడ్తాది."

"మరి తక్కువైతే ఏం జేస్తావు?"

"ఉప్పేస్తా."

అంతే. ఇంట్లో ఉన్న రెండు మూటల కల్లుప్పూ మోసుకుపోయి బావిలో గుమ్మరించారు. మారెక్క వాసనకు ఉంటుందని గుప్పెడు మెంతిపిండి గూడా చల్లింది. జాడీలో ఉన్న పాత ఊటను ఒంపి, "తోడు పెట్టినా, రేపటికి కుదురుకుంటాది" అంది.

తెల్లారి తొంగి చూస్తే బావిలో మోకాటిలోతు నీళ్ళు తళతళలాడుతున్నాయి. ఇంకొకడైతే గంతులేస్తాడు. వన్నూరప్ప మొహం వాడిపోయింది.

"నీళ్ళొచ్చినాయి గానీ ఊట రాలేదు గదరా!"

"ఎర్రగా లేదు నాయనా, కారం మర్సిపోతిమి" అన్నాడు సుంకన్న.

"కాదు. ఇది మీ అమ్మ చెప్పిన ఊట కాదు. ఇది పెద్ద మాట. మన ఊరి మాట కానే కాదు. నాలుగూళ్ళ భాషలు తెల్సినోళ్ళను అడగాల."

"మామను అడుగుదామా?"

"ఆ నవ్వుమొగమోడినా? తోట ఎండినా సరే, వాడిని అడగను!"

ఊరిబయట తారురోడ్డు మీద ఒక టీ హోటలుంది. నాలుగు దిక్కుల లారీలూ అక్కడ ఆగుతాయి. తండ్రీ కొడుకులు పోయి నిలబడ్డారు. జొన్నల లారీ దిగిన కన్నడాయన ఒకడు, పాపం మంచివాడు, ముగ్గురి ఎండిన మొహాలూ చూసి, "ఊట ఆయ్తా?" అన్నాడు.

వన్నూరప్ప కొడుకుల వైపు తిరిగాడు. "చూసినారా! మన బావి సంగతి కన్నడదేశం దాకా పాకింది!" అని కొడుకులతో అని, ఆయన చెయ్యి పట్టుకున్నాడు. "కాలేదు సామీ. ఇంకా కాలేదు. దానికోసమే తిరుగుతాండాం."

అంతే, ఆయన ముగ్గురినీ బల్ల మీద కూర్చోబెట్టి, తలా ఒక రాగిముద్ద, చారు పెట్టించాడు. "ఊట మాడి, ఊట మాడి" అని వడ్డించాడు. తిప్పన్న ముద్ద మింగుతూ, "నాయనా, తెల్సిపోయింది. ఊట అంటే కూడు!" అన్నాడు.

"అట్లనా! మరి పోలన్న ఊట తక్కువుంది అన్నది అందుకా? బావి ఆకలికుండాదిరా! నెల దినాలుగా దాన్ని పొడిచిందే గాని పిడికెడు మెతుకులు పెట్టిందెవరు?"

ఇంకేముంది, ఇంటికి పరుగు. మారెక్క పెద్ద డేగిసా ఎక్కించి పది శేర్ల రాగిసంగటి కెలికింది. వంకాయ పులుసు చేసింది. విస్తరాకులో వడ్డించి, తట్టలో పెట్టి, గిలకకు మోకు తగిలించి బావిలోకి దించారు. నలుగురూ గట్టు మీద కూర్చొని సాయంత్రం దాకా చూశారు. బావి ముట్టలేదు.

"పులుసులో ఉప్పు చాల్లేదేమో" అన్నాడు తిప్పన్న.

"దానికి రెండు మూటలుప్పు పోసినాంరా! కోపమొచ్చి తింటాలేదు. అత్తగారింట్లో కొత్తల్లుడి మాదిరి బతిమాలించుకుంటాంది" అన్నాడు వన్నూరప్ప.

మళ్ళీ హోటలు దగ్గరికి పోయారు. అక్కడ ప్లాస్టిక్ బిందెల లారీ నీడలో ఒక తమిళామె కూర్చొని ఉంది. ఒళ్ళో సంటిబిడ్డ మూతి బిగించి ఏడుస్తున్నాడు. గిన్నె మొగుడి చేతికిచ్చి, "నీ ఊట్టు, ఊట్టు" అంటోంది. ఆ మొగుడు అన్నం మెత్తగా పిసికి, బిడ్డ నోరు తెరిపించి లోపల పెట్టాడు. బిడ్డ గుటుక్కున మింగాడు.

వన్నూరప్ప తొడ చరిచాడు. "మాట ఎంత లోతుగుందిరా! కన్నడాయన సగమే చెప్పినాడు. ఊట అంటే ఊరికే వడ్డించేది కాదు. ముద్ద చేసి నోట్లో పెట్టేది!"

అంతే. సుంకన్న నడుముకు మోకు కట్టి బావిలోకి దించారు. బావికి నోరెక్కడుంది? నీళ్ళు జారే బండసందే నోరు. పైనుంచి తండ్రి అరుస్తున్నాడు, "బెదిరించొద్దురా, బుజ్జగించి పెట్టు!" సుంకన్న ముద్ద మీద ముద్ద చేసి, "మా నాయనే, మా బంగారే, ఇది మీ అవ్వ ముద్ద, ఇది మీ తాత ముద్ద" అని పది శేర్ల సంగటీ ఆ సందులో కూరి, బొటనవేలితో అదిమాడు. చుక్క జారడం నిలిచిపోయింది.

"నాయనా, చొంగ కార్చేది ఆపేసింది! కడుపు నిండింది!"

ఆ పూట ఇంట్లో అందరూ సంతోషంగా పస్తు పడుకున్నారు. సంగటంతా బావే తిన్నది గదా.

మూడోదినం పొద్దున్నే జాతరల్లో పిల్లలను ఎక్కించుకొని తిప్పే మస్తాన్ సాయిబు తన ఒంటెను నడిపించుకుంటూ ఆ దోవన వచ్చాడు. వన్నూరప్పను చూసి, "అప్పా, మా ఊంట్‌కు గుక్కెడు నీళ్ళు దొరుకుతాయా? రెండు దినాలయింది" అన్నాడు.

వన్నూరప్ప చెవులు నిక్కపొడుచుకున్నాయి. "ఏమన్నావు సాయిబూ? దాని పేరు మళ్ళీ చెప్పు."

"ఊంట్. మా తురకమాటలో ఒంటెను ఊంట్ అంటాం."

వన్నూరప్పకు కండ్లలో నీళ్ళు తిరిగాయి. ముక్కుతో అంటే ఏమి, నోటితో అంటే ఏమి, ఊట ఊటే! మూడు దినాలు భాష భాషా తిరిగితే, ఊటే నాలుగు కాళ్ళతో నడిచి ఇంటికొచ్చింది. "మారెక్కా! హారతి తెమ్మే! ఊట వచ్చింది!"

మారెక్క హారతి తెచ్చింది, ఒంటె హారతిపళ్ళెంలో తమలపాకు తినేసింది. బావి దగ్గరికి తోలుకుపోయారు. సుంకన్న, తిప్పన్న బొక్కెన మీద బొక్కెన చేది పోశారు. ఉప్పునీళ్ళని ఒంటె మూతి తిప్పుకోలేదు, ఇంకా పెదాలు నాక్కుంది. ముప్పై బొక్కెనలు పోయాక సాయిబుకే భయమేసి, "చాలప్పా, మీ తోటకు ఉంచుకోండి" అన్నాడు.

"నువ్వూరుకో సాయిబూ. ఊటకు అడ్డం రావద్దని మేస్త్రీ చెప్పి పోయినాడు!"

బావి అడుగు బండ తేలింది. ఒంటె త్రేన్చింది. సాయిబు "సలాం" అని ఒంటెను తోలుకొని వెళ్ళిపోయాడు. "ఊట నిలిస్తే తోట నిలుస్తాదన్నాడు గదా మేస్త్రీ, ఊట పోతాంది నాయనా!" అని తిప్పన్న వెంటపడబోయాడు. వన్నూరప్ప రెక్క పట్టి ఆపాడు. "అడ్డం రావద్దురా!"

ఆ మధ్యాహ్నం పోలన్న మేస్త్రీ వచ్చాడు. బావిలోకి దిగాడు. ఎంతసేపటికో పైకొచ్చి గట్టు మీద చతికిలబడ్డాడు. ఆయన మీసానికి రాగిసంగటి అంటుకొని ఉంది.

"ఉప్పెవరేసినారు?"

"ఊట తక్కువుందంటివి గదా."

"సంగటెవరు కూరినారు?"

"ఊట కాలేదు, ఊట్టు అన్నారు."

"మరి నీళ్ళేమైనాయి?"

"ఊట తాగింది."

"ఊట ఏంది, తాగేదేంది?"

"పొడుగ్గా ఉంటాది మేస్త్రీ. వీపు మీద గూని. తమలపాకు గూడా తినింది."

పోలన్న అరచేత్తో నెత్తి కొట్టుకున్నాడు. "ఓరి మీ ఇల్లు బంగారం గాను! ఊట అంటే నీళ్ళూరేదిరా! ఊరేదే ఊట! భూమిలో నుంచి..." అని ఇంకా ఏదో చెప్పబోయి, చెప్పి లాభం లేదని మోకు అందుకున్నాడు. మళ్ళీ దిగి సంగటి పెకలించాడు, ఉప్పు కడిగించాడు. దారం మళ్ళీ జారింది. పోతూ పోతూ వేలు చూపించి చెప్పాడు: "ఇంక వారం దినాలు నీళ్ళు ఊరాల. ఎంత ఊరితే అంత మంచిది. అంతదాకా ఎవడన్నా బావిలో చెయ్యి పెట్టినాడా, చెయ్యి విరుస్తా!"

వారం దినాలు అరుగు మీద ఊరికే కూర్చుంటే చాలు, తోట నిలిచేది. కూర్చుంటారా?

"నీళ్ళూరాల అన్నాడు. నీళ్ళు యాడ ఊరుతాయిరా?" అన్నాడు వన్నూరప్ప.

"నోట్లో!" అన్నారు కొడుకులిద్దరూ ఒక్కసారే. పిల్లలు ఇంత చురుకని వన్నూరప్పకు ఆ దినం మీసం తిరిగింది.

అంతే. చేతులు పెట్టగూడదని తండ్రీ కొడుకులు ముగ్గురూ చేతులు వెనక్కి కట్టించుకున్నారు. బావిగట్టు మీద బోర్లా పడుకొని నోళ్ళు తెరిచారు. మారెక్క తమిళామె చెప్పినట్టు ఒక్కొక్కరి నోట్లో చింతపండు ఊట్టసాగింది. నోరూరి, కారి, చుక్క చుక్క బావిలో పడింది. ఒక పూటకే చింతపండు అయిపోయింది. ఊరగాయలో ఊట ముందే పోయింది. ఇంకేం పులుపుంది ఇంట్లో?

"పచ్చి చీనీకాయ ఉండాది గదయ్యా" అంది మారెక్క. "తల్చుకుంటేనే నీళ్ళూరుతాండాయి."

"తోట కోసం ఊట, ఊట కోసం తోట. దేవుడెంత తెలివిగా పెట్టినాడే!" అన్నాడు వన్నూరప్ప.

ఇంకేముంది, చేతుల కట్లు విప్పించుకొని కాయలు రాలగొట్టారు. చెట్టు తర్వాత చెట్టు. పై కొమ్మల కాయలు అందలేదని కొమ్మలు నరికారు. కొమ్మలు అందలేదని మొదళ్ళే నరికారు. కోసింది కోసినట్టు ముక్కలు చేసి మారెక్క ఊట్టుతుంటే, ముగ్గురూ మళ్ళీ చేతులు కట్టించుకొని ఎండా నీడా లేకుండా కార్చారు.

ఏడోదినం కుళ్ళాయప్ప వచ్చాడు. బావిలోకి చూశాడు. బండసందు ఊటతో రెండు మట్ల నీళ్ళు నిలిచి, అద్దంలాగా తేటగా ఉన్నాయి. అటు తిరిగి తోట చూశాడు. అరవై మోళ్ళు. గట్టు మీద చేతులు వెనక్కి కట్టుకొని, పెదాలు పొక్కి, నోళ్ళు తెరుచుకొని పడుకున్న బావనూ మేనల్లుళ్ళనూ చూశాడు. ఈసారి నవ్వు రాలేదు.

"బావా," అన్నాడు, "నీ తెలివి నిజంగానే తెల్లారిపోయింది."

వన్నూరప్ప ఒళ్ళు పులకరించింది. రెండోసారి ఒప్పుకున్నాడు! అదీ నవ్వకుండా! రెండు మట్ల నీళ్ళు, అన్నీ తమ నోటివే. "చూసినావా బామ్మర్దీ" అని గట్టిగా అందామనుకున్నాడు. కానీ అనలేదు. మాట్లాడితే ఆ చివరి చుక్క బావిలో పడకుండా గట్టు మీద పడిపోదూ?