పేరిందేవి గారి నవ్వు

బెజవాడలో రేడియో నాటకాలకు సంగీతం కట్టే విరూపాక్షానికి చేతిలో ఎంత విద్య ఉండేదో, ఎదుటివాళ్ల మాట చివరిదాకా వినే ఓపిక అంత తక్కువగా ఉండేది.

నేను అతనితో తొమ్మిదేళ్లు పనిచేశాను. నాటకాల్లో చప్పుళ్లు చెయ్యడం నా ఉద్యోగం. రేకు ఊపితే ఉరుము. చేటలో కందులు అటూ ఇటూ ఒంపితే వాన. కొబ్బరి చిప్పలు బల్ల మీద కొడితే గుర్రం. ఇప్పటి పిల్లలకు చెబితే నవ్వుతారు గాని, ఆదివారం మధ్యాహ్నం నా కందుల వాన విని, ఆరేసిన బట్టలు తియ్యడానికి దొడ్లోకి పరుగెత్తిన ఇల్లాళ్లున్నారు. నమ్మకపోతే మీ ఇష్టం.

ఆ రోజుల్లో మా నాటకం అప్పటికప్పుడు జరిగేది. నటులు, వాద్యాల వాళ్లు, నేను, అందరం ఒకే గదిలో ఉండేవాళ్లం. తలుపు మీద ఎర్ర లైటు వెలిగిందంటే దగ్గు వచ్చినా మింగాల్సిందే. నాటకం నడిపించే శేషాచలపతి గారు అద్దం అవతల కూర్చునేవారు. ఆయన మాట మాకు వినిపించదు. అన్నీ చేతి సైగలే. ఆ గదిలో చాప వాసన, వయొలిన్ వాళ్లు కమానుకు రాసే రజను వాసన కలిసి ఒక వాసన ఉండేది. ఈనాటికీ ఎక్కడైనా అది తగిలితే నాకు కళ్లు చెమ్మగిల్లుతాయి.

వారం ముందే మా అందరికీ నాటకం కాపీలు ఇచ్చేవారు. విరూపాక్షం తన కాపీ మీద కాఫీ గ్లాసు పెట్టుకునేవాడు. దాన్ని అతను వాడేది అంతవరకే. నాటకం ముందురోజు నా దగ్గరికి వచ్చి, "నరసింగం, ఈ సీను ఏడుపా, నవ్వా?" అని అడిగేవాడు. ఏడుపంటే వయొలిన్. నవ్వంటే క్లారినెట్, డోలక్. అయినా అతని బాణీ ఒకసారి చెవిలో పడితే వారం రోజులు వదిలేది కాదు. అందుకే ఎవరూ ఏమీ అనేవాళ్లు కాదు. నేనూ అనలేదు.

విరూపాక్షానికి ఒకటే కోరిక. మద్రాసు వెళ్లాలి, వెండితెర మీద తన పేరు పడాలి. పన్నెండేళ్లుగా అదే కలవరింత. అప్పటికి అతనికి నలభై దాటాయి. ఇంక ఎవరు పిలుస్తారులే అని మేమందరం లోపల అనుకునేవాళ్లం. పైకి మాత్రం "ఇవాళో రేపో" అనేవాళ్లం.

అలాంటి సమయంలో మద్రాసు నుంచి పద్మనాభరాజు గారనే సినిమా దర్శకుడు పనిమీద బెజవాడ వచ్చాడు. విరూపాక్షం పాటల గురించి ఎవరో చెప్పారట. గాంధీనగరంలో ఒక హోటలుకు పిలిపించాడు. నేనూ తోడు వెళ్లాను. పెసరట్లు వచ్చాయి. ఆయన ఒకటి పూర్తిగా తిన్నాడు.

చెయ్యి కడుక్కుని వచ్చి, "చూడండి విరూపాక్షం గారూ, పాటలు కట్టేవాళ్లు నాకు చాలామంది ఉన్నారు. సీను వెనక సంగీతం తెలిసినవాడు కావాలి. ఆదివారం దాకా ఈ ఊళ్లోనే ఉంటాను. లాడ్జిలో రేడియో ఉంది. మీ నాటకం విని చెబుతాను," అన్నాడు.

బయటికి వచ్చాక విరూపాక్షం నా భుజం పట్టుకుని ఊపేశాడు. "అయిపోయిందోయ్! ఇంక మద్రాసే!"

ఆ ఆదివారం నాటకం ఒక సిపాయి ఇంటి కథ. అవి యుద్ధం రోజులు. సెలవు రద్దయి భర్త వెళ్లిపోతుంటాడు. భార్య అతని పెట్టె సర్దుతుంది. ఆ భార్య వేషం తెనాలి పేరిందేవి గారిది. రంగస్థలం మీద ముప్ఫై ఏళ్లు నిలబడిన మనిషి. మైకు ముందు గాజుల చప్పుడు రాకూడదని గాజులు తీసి చేతిగుడ్డలో మూటగట్టుకునేది. అంత శ్రద్ధ ఆవిడది.

శనివారం అందరం కలిసి పూర్తిగా ఒకసారి చేసుకోవడం మా ఆనవాయితీ. విరూపాక్షం రాలేదు. మద్రాసు వెళ్లేటప్పుడు వేసుకోవడానికి సిల్కు జుబ్బా కుట్టించుకోవడానికి వెళ్లాడు. ఆలూ లేదు చూలూ లేదు, కొడుకు పేరు సోమలింగం! సాయంత్రం వచ్చి, ఎప్పటిలాగే అడిగాడు.

"నరసింగం, ఆ పెట్టె సర్దే సీను ఏడుపా, నవ్వా?"

ఇక్కడ నా తప్పు కూడా చెప్పుకోవాలి. నేనూ కాపీలో నా చప్పుళ్ల వరకే చూసుకునేవాణ్ణి. పొద్దున్న పేరిందేవి గారు ఆ సీను చేస్తున్నప్పుడు పక్క గదిలో సిపాయి నడకకు తగిన బూట్లు వెతుక్కుంటున్నాను. కాపీ తిరగేసి చూశాను. భార్య మాటల మధ్య 'నవ్వుతుంది', 'నవ్వుతుంది' అని పదిచోట్ల ఉంది.

"నవ్వే," అన్నాను.

అతను వెంటనే కూనిరాగం అందుకున్నాడు. వాద్యాల వాళ్లను కూర్చోబెట్టి గంటలో బాణీ నేర్పేశాడు. ఎంత హుషారైన బాణీ అంటే, నేర్చుకుంటూ డోలక్ వాయించేవాడే నవ్వాడు.

ఆదివారం ఎర్ర లైటు వెలిగింది. పెట్టె సర్దే సీను వచ్చింది. "మీరు వెళితే నాకే హాయి. ఆ గురక పీడ వదిలి కంటినిండా నిద్రపోతాను," అని పేరిందేవి గారు నవ్వింది. విరూపాక్షం చెయ్యి ఊపాడు. క్లారినెట్ కోడిపుంజులా కూసింది. డోలక్ దరువేసింది. ఆవిడ ఉలిక్కిపడి అతనివైపు చూసింది. అద్దం అవతల శేషాచలపతి గారు లేచి నిలబడి రెండు చేతులూ పైకెత్తి ఆడించారు. ఆపమని ఆయన భావం. ఇంకా పెంచమంటున్నారని మావాడు అనుకున్నాడు. పెంచాడు.

నేను బూట్లు చేతులకు తొడుక్కుని బల్ల మీద సిపాయిని నడిపించాను. భర్త వెళ్లిపోయాడు. పేరిందేవి గారి నవ్వు మాత్రం ఆగలేదు. అలా సాగి సాగి, ఒకచోట విరిగింది. నేను దగ్గరే ఉన్నాను కనుక నాకు తెలిసింది. వినేవాళ్లకు ఎలా తెలుస్తుంది? వాళ్లకు వినిపించింది డోలక్.

మర్నాడు పొద్దున్నే జుబ్బా వేసుకుని విరూపాక్షం లాడ్జికి వెళ్లాడు. పద్మనాభరాజు గారు రైలుకు బయల్దేరుతున్నాడు.

"బాణీ బాగుందండీ," అన్నాడు. "నేనూ నవ్వాను. నవ్వాక సిగ్గేసింది. మొగుణ్ణి యుద్ధానికి పంపే ఇల్లాలి మాట విని నవ్వేలా చేశారు నన్ను. ఆవిడ ఎందుకు నవ్వుతోందో మీరు విన్నారా?"

ఆయన నమస్కారం పెట్టి వెళ్లిపోయాడు. పన్నెండేళ్ల కోరిక రిక్షా ఎక్కి స్టేషనుకు పోయింది.

తర్వాత ఉత్తరాలు వచ్చాయి. 'మొగుడు చావుకు పోతుంటే సంబరపడే ఆడది ఉంటుందా? ఆ నటికి బుద్ధి లేదా?' అని ఒకటి. అలాంటివే ఇంకో పాతిక. అన్నీ పేరిందేవి గారి పేరిట. విరూపాక్షం ఆ కట్ట చదివాడు. సినిమా పోయినప్పుడు కూడా అతని ముఖం అంత పాలిపోలేదు.

"నా తప్పుకు ఆవిడ తిట్లు తింటోంది. పద తెనాలి," అన్నాడు.

మేం వెళ్లేసరికి పేరిందేవి గారు అరుగు మీద కత్తిపీట వేసుకుని దొండకాయలు తరుగుతోంది. తిడుతుందనుకున్నాం. మంచినీళ్లిచ్చింది.

"ఏం బాబూ, ఇంత దూరం వచ్చారు?"

"అమ్మా, ఆ సీను ఒక్కసారి చెప్పండి. వినడానికొచ్చాను."

"రేడియోలో చెప్పాగా."

"అప్పుడు నేను వినలేదమ్మా."

ఆవిడ దొండకాయలు తరుగుతూనే మొదలుపెట్టింది. "మీరు వెళితే నాకే హాయి. ఆ గురక పీడ వదిలి కంటినిండా నిద్రపోతాను. నాలుగు అరిసెలు ఎక్కువే పెట్టాను. మీ తుపాకీకి కూడా తినిపించండి!" నవ్వింది. ప్రతి నవ్వు ముందరా చిన్న ఆలస్యం ఉంది. మింగుతోంది. భర్త వెళ్లిపోయే చోటికి వచ్చేసరికి కత్తిపీట మీద చెయ్యి ఆగిపోయింది. నవ్వు మాత్రం నడిచింది. అది ఎక్కడ ఏడుపుగా మారిందో మా ఇద్దరికీ తెలియలేదు.

విరూపాక్షం పైపంచె ముఖానికి అడ్డం పెట్టుకున్నాడు.

"ఏడుస్తూ పంపితే ఆయన దారంతా ఏడుస్తాడని దాని బాధ, బాబూ," అంది ఆవిడ. "అందుకని నవ్వింది. అంతే కథ."

శేషాచలపతి గారి కాళ్లావేళ్లా పడి ఆ నాటకం మళ్లీ వేయించడానికి విరూపాక్షానికి నాలుగు నెలలు పట్టింది. ఈసారి అతను మొదటి రోజు నుంచీ నటుల మధ్యే చాప మీద కూర్చున్నాడు. కళ్లు మూసుకుని వినేవాడు. మధ్యలో ఎవరైనా పలకరిస్తే వేలు నోటిమీద పెట్టుకునేవాడు. ఆ రోజు పెట్టె సర్దే సీనంతా తంబురా ఒక్కటే మోగింది. నా బూట్ల చప్పుడు దూరమయ్యాక, పేరిందేవి గారి నవ్వు విరిగిన చోట, వయొలిన్ మీద నాలుగంటే నాలుగు స్వరాలు. ఎర్ర లైటు ఆరిపోయింది. ఎవరం లేవలేదు.

రెండోసారి వేసిన ఆ నాటకం పద్మనాభరాజు గారు వినలేదు. ఆ సినిమా ఇంకెవరికో పోయింది. ఐదేళ్ల తర్వాత వేరే నిర్మాత పిలిస్తే విరూపాక్షం మద్రాసు వెళ్లి పదకొండు సినిమాలు చేశాడు. ప్రతి సినిమాకూ నటుల చేత సీను చదివించుకుని, విన్న తర్వాతే హార్మోనియం ముందుకు లాక్కునేవాడు. పాత రోజులు తలుచుకుందామని నేను వెళితే మాత్రం సినిమాల ఊసెత్తేవాడు కాదు. రెండోసారి నాటకం వేశాక వచ్చిన ఒక ఉత్తరం తీసి చదివేవాడు. మడతలు చిరిగిపోతే వెనక కాగితం అతికించుకున్నాడు.

భీమవరం దగ్గర పల్లె నుంచి వచ్చింది అది. పెన్సిలుతో రాసింది.

'అయ్యా, నా పెనిమిటి మిలట్రీలో ఉన్నాడు. ఆయన ఎల్లేనాడు నేను కూడా నవ్వుతానే పంపాను. అది చూసి మా అత్త నాతో మాట్టాడ్డం మానేసింది. మీ నాటకం మొదటిసారి వచ్చినప్పుడు, ఇదిగో నీలాంటిదే ఇంకొకత్తి ఉంది అని పదిమందిలో అంది. మొన్న మళ్లీ వచ్చింది. ఇద్దరం విన్నాం. అయిపోయాక మా అత్త లేచొచ్చి నా పక్కన కూచుంది. నా తల ఒళ్లో పెట్టుకుంది. ఆయన ఎల్లి తొమ్మిది నెలలయ్యింది. నేను మొదటిసారి మొన్నే ఏడిచాను.'

ఆ ఉత్తరంలో సంగీతం గురించి ఒక్క ముక్క లేదు. విరూపాక్షం దాన్ని జీవితాంతం దాచుకున్నాడు.

ఒక మనిషిది నవ్వో ఏడుపో తేల్చి చెప్పే ముందు, ఆ మనిషి మాట చివరిదాకా వినాలి.