నాలుగు పటాలు, సగం పాట

నల్లని నేలా, నల్లని నేలా,
నిప్పొచ్చి నిన్ను తినిపోయిందా?
నీ మసి మా కాళ్ళకు చుట్టం,
మసి కింద ఏముందే, నేలా...

పాట అక్కడ ఆగిపోతుంది. ఆ తరవాతిది ముసలామెకు రాదు. ఆమెకు రాదంటే ఇక భూమ్మీద ఎవరికీ రాదన్నమాటే.

ఆమె గడ్డినేలల మనిషి. ఎటు చూసినా గడ్డి, గడ్డి చివర మంచుకొండలు, కొండల మీద అవి మోయలేనంత ఆకాశం. చలి విడవగానే అక్కడి జనం ఎండుగడ్డికి నిప్పు పెట్టేవాళ్ళు. కాలిన చోట లేత పచ్చిక లేస్తుంది, పచ్చిక కోసం అడవిదున్నలు వస్తాయి. నిప్పు చల్లారాక ఆ మసిలో నడిచీ నడిచీ వాళ్ళ తోలు జోళ్ళు నల్లబడేవి. అందుకే నల్లపాదాలవాళ్ళన్న పేరు వచ్చిందని పెద్దలు చెప్పుకునేవాళ్ళు. బయటివాళ్ళు బ్లాక్‌ఫీట్ అన్నారు.

ఆ నల్లనేల మీద నిలబడి పాడే పాట ఇది. మొదటి సగం అందరూ కలిసి పాడతారు. రెండో సగంలో ఉన్నవి నాలుగే మాటలు, ఒక్కో మాట ఒక్కో ఊపిరి పొడుగు. అవి ఒక్కరికే తెలుస్తాయి. ఆ ఒక్కరూ మోకాళ్ళ మీద వంగి, నేల చెవిలో రహస్యం చెప్పినట్టు, పెదవులు మసికి తగిలేలా చెప్పాలి. చుట్టూ ఉన్నవాళ్ళకి గాలి చప్పుడే వినబడుతుంది.

ఆ పాట వింటే వచ్చేది కాదు. ఉన్నవాళ్ళు ఇవ్వాలి, కావలసినవాళ్ళు పుచ్చుకోవాలి. ఏడాదికి ఒక్క ముక్క, అదీ నల్లనేల మీదే. తోచిన మాట పెట్టి పూర్తి చేస్తే అది పాట కాదు, దొంగసొత్తు.

ఆ రోజుల్లో పాట పెద్దాయన దగ్గర ఉండేది. పెద్దాయన ఆ జనానికి నాయకుడు, ముసలామెకి తాత. ఆమెకి ఆరో ఏడు నడుస్తుండగా మొదటి ముక్క ఇవ్వబోయాడు.

"ఇది నాకొచ్చు తాతా, అందరూ పాడేదేగా," అంది ఆ పిల్ల.

"వచ్చో రాదో నేనడగలేదు. చెయ్యి చాపు," అన్నాడాయన.

నాలుగేళ్ళలో నాలుగు ముక్కలు ఇచ్చాడు. పై సగం పూర్తయింది. మిగిలిన నాలుగు మాటలకీ ఇంకో నాలుగేళ్ళు ఉన్నాయి కదా అనుకున్నారు ఇద్దరూ.

ఆ ఏడు దున్నలు రాలేదు. అంతకు ముందేడే సగానికి సగం తగ్గాయి. చలికాలంలో గుడారాల ముందు పొయ్యిలు వెలిగించడం మానేశారు, వండడానికి ఏమీ లేక. తెల్లవాళ్ళ కోటలో మాత్రం పిండిబస్తాలు గోడెత్తున ఉన్నాయి. కోట దొర పెద్దాయన్ని పిలిపించాడు.

"ఆ పాట మానెయ్యండి. మానిన రోజే పిండి పంచుతాను."

"పాటేగా అది. నిన్నేం చేసిందయ్యా?"

"అది ఉన్నంతకాలం మీరు మీరుగానే ఉంటారు," అన్నాడు దొర.

 దొరకి పాట అర్థమైనంతగా తనవాళ్ళలో కుర్రాళ్ళకి కూడా అర్థం కాలేదేమో అనిపించింది పెద్దాయనకి. తరవాత వంగి, ఆరిన పొయ్యిలోంచి మసి తీసి, పెదవుల మీద రాసుకున్నాడు. "ఈ నోటితో ఆ పాట ఇక పాడను. ఈ నోటితో ఎవరికీ చెప్పను," అని మాటిచ్చాడు. ఆయన మాటిస్తే ఇచ్చినట్టే. అది ఆయన శత్రువులకి కూడా తెలుసు.

ఆ సాయంత్రం ప్రతి గుడారంలోనూ రొట్టె వాసన. పిల్ల రొట్టె ముట్టుకోలేదు.

"పిండి కోసం నా పాట ఇచ్చేశావు."

"ముందు తిను," అన్నాడు పెద్దాయన.

వారం తిరక్కుండానే బడి బండి వచ్చింది. పిల్లల్ని దూరపు బడికి తీసుకుపోవాలని హుకుం. పిల్ల బండెక్కుతూ అడిగింది, "మరి నా మిగతా సగం?" అని. పెద్దాయన బండి పక్కనే నడుస్తూ ఏదో చెప్పాడు. పిల్ల విన్నది. వినీ, కోపంతో మొహం తిప్పుకుంది. అదే ఆఖరి చూపు.

బడిలో అక్షరాలు నేర్పుతామన్నారు. నేర్పింది దుప్పట్లు ఉతకడం, ఇస్త్రీ పెట్టడం. సొంత మాట నోట వస్తే నోట్లో సబ్బుముక్క పెట్టేవాళ్ళు. ఆడపిల్లలు బల్ల కింద చేతులతో మాట్లాడుకున్నారు. అది కొత్తగా కనిపెట్టింది కాదు. గడ్డినేలల్లో తెగకో భాష. ఎదురుపడిన రెండు తెగలవాళ్ళు చేతులతోనే మాట్లాడుకునేవాళ్ళు. ఆకలి, నీళ్ళు, గుర్రం, స్నేహం, అన్నిటికీ చేతిమాట ఉండేది. పిల్ల దాన్ని బల్ల కింద ఏడేళ్ళు బతికించుకుంది.

తిరిగొచ్చేసరికి పెద్దాయన లేడు. పిల్లని ఇంటికి తీసుకెళ్ళడానికి వచ్చిన మేనత్త దారిపొడుగునా ఒకటే చెప్పింది.

"ఏం చెప్పమంటావే! ఊళ్ళో మనుషుల బొమ్మలు గీసే బొమ్మలాయన ఒకడు తిరిగేవాడు, జ్ఞాపకముందా? మూడుసార్లు కాళ్ళావేళ్ళా పడితే, నా మొహం నా దగ్గరే ఉండనీ అని తిప్పి పంపాడుగా మీ తాత. నువ్వెళ్ళిన మర్నాడే ఆయనే కబురెట్టి పిలిపించుకున్నాడు. ఒకటి కాదమ్మా, నాలుగు పటాలు! చచ్చేదాకా కూర్చునే ఉన్నాడు. అద్దం కూడా ఇవ్వండర్రా ఆయనకి, ముసలితనంలో సోకు పుట్టింది అని నవ్వారు అందరూ."

"నువ్వూ నవ్వావా అత్తా?"

"నేను ముందు నవ్వాను," అంది మేనత్త, కళ్ళు తుడుచుకుంటూ.

మేనత్తకి తెలియంది ఒకటుంది. కూర్చునే ముందు పెద్దాయన ఒక్క షరతు పెట్టాడు.

"చేతులు ఒళ్ళో పెట్టుకోండి, దర్జాగా ఉంటుంది," అన్నాడు బొమ్మలాయన.

"నా చేతులు నేను పెట్టిన చోటే ఉంటాయి. ఉన్నవి ఉన్నట్టు వెయ్యి. మొహం నీ ఇష్టం."

బొమ్మలాయన నవ్వాడు గాని, నిజాయితీపరుడు. ఉన్నవి ఉన్నట్టే వేశాడు. పటాలు రైలెక్కి దూరపు నగరానికి పోయాయి.

ఆ మొహం మాత్రం లోకమంతా తిరిగింది. కొండగీతల్లాంటి ముడతలు, ఎగరబోయే పక్షిలాంటి ముక్కు. దాన్ని మెడ దగ్గర కత్తిరించి క్యాలెండర్ల మీద వేశారు, బిస్కెట్ డబ్బాల మీద వేశారు, స్టాంపు మీద వేశారు. నల్లపాదాలవాళ్ళ ఇళ్ళలోకి కూడా ఆ మొహం కిరాణా కొట్టు క్యాలెండరై వచ్చింది. ముసలామె ఇంట్లో అది గోడవైపు తిరిగి ఉండేది.

"అవ్వా, నీ తాతకి శిక్షా?" అనేది మనవరాలు.

"ఆయనకి మొహం చూపించడమంటే ఇష్టమేగా. గోడకి చూపించుకోనీ."

అరవై ఏళ్ళు గడిచాయి. ఆ మధ్యలోనే దొరలు మారారు, కట్టడి సడలింది. జనం మళ్ళీ నల్లనేల మీదకి వచ్చి పాడసాగారు. నాలుగు వరసలు పాడతారు, ఆగుతారు. పెద్దాయన వంగి నేలకి చెప్పే చోట ఎవరూ వంగరు. అందరూ తలలు దించుకుని అలా నిలబడి, ఇళ్ళకి వెళ్ళిపోతారు. తరాలు మారేసరికి ఆ మౌనమే పాటకి ముగింపనుకున్నారు. అదెంత గొప్పగా ఉందో చూశావా అవ్వా, అనేవాళ్ళు కుర్రాళ్ళు. ఒకడు ఉండబట్టలేక నాలుగు మాటలు కట్టుకొచ్చాడు కూడా. వినడానికి బాగానే ఉన్నాయి.

"నీకెవరిచ్చారు నాయనా?" అంది ముసలామె. 

ఆమె దిగులు ఒక్కటే. అది సగం పాటని తెలిసినది తనొక్కతే. తను పోయిననాడు సగమే నిండుదైపోతుంది. పోయిందని కూడా ఎవరికీ తెలియకుండా పోవడం కన్నా పెద్ద పోవడం ఏముంటుంది?

డెబ్భయ్యో ఏట ఆమె మనవరాలి దగ్గర అక్షరాలు దిద్దింది. ఇస్త్రీపెట్టెకి అలవాటుపడ్డ వేళ్ళు పెన్సిల్ని అణిచి పట్టుకునేవి, కాగితం చిరిగేది. "అవ్వా, అది దుప్పటి కాదే," అని నవ్వేది మనవరాలు. అలా నేర్చిన చదువుతో ఆమె మొదట చదివిన ఉత్తరం దూరపు నగరం నుంచి వచ్చింది. ఇన్నాళ్ళూ తలో చోటా ఉన్న నాలుగు పటాల్నీ ఒక్క గోడకి చేర్చామనీ, రక్తసంబంధీకులు వచ్చి చూడాలనీ అందులో ఉంది.

"నేను రాను," అంది.

"ఉత్తరం నువ్వే చదివావు. జవాబు కూడా నువ్వే రాయి మరి," అంది మనవరాలు.

రాను అని రాయడానికి కూర్చుంది. ఆ మాట కాగితం మీదకి రాలేదు. రెండూ చిన్న అక్షరాలే, అయినా చెయ్యి కదల్లేదు. ఇద్దరూ రైలెక్కారు.

బొమ్మల ఇల్లు కొండంత ఉంది. లోపల ఎవరూ గట్టిగా మాట్లాడరు, నడిస్తే తన జోళ్ళ చప్పుడు తనకే పెద్దగా వినబడుతోంది. చివరి గదిలో నాలుగు పటాలు, నిలువెత్తువి. మనిషంత మనిషి నాలుగుసార్లు కూర్చుని ఉన్నాడు.

ముసలామె మొదట మొహం చూసింది. క్యాలెండర్ మీద గర్వంలా కనిపించినది ఇక్కడ గర్వం కాదు. గొంతులో ఏదో పట్టుకుని ఉన్నవాడి మొహం అది. పెదవులు గట్టిగా మూసుకుని ఉన్నాయి. వాటి మీద, దగ్గరికి వెళితేగాని తెలియనంత సన్నగా, మసి.

పటాల కింద ఇత్తడి రేకు మీద అక్షరాలున్నాయి. ఆమె వేలు గాలిలో నడిపిస్తూ ఒక్కొక్కటే కూడబలుక్కుంది. "చేతులను... మార్చకూడదని... ఈయన షరతు. కారణం తెలియదు."

అప్పుడు చేతులు చూసింది.

మొదటి పటంలో కుడిచెయ్యి మోకాలి పక్కన కిందికి వేలాడుతోంది. అరచెయ్యి పైకి తిరిగి, వేళ్ళు విడివిడిగా, పైపైకి మొలుస్తున్నట్టు ఉన్నాయి. చూసేవాళ్ళకి అది అలిసిపోయిన ముసలాయన చెయ్యి. బల్ల కింద ఏడేళ్ళు మాట్లాడిన ఆడపిల్లకి అది గడ్డి.

 ముసలామె రెండో పటం ముందుకి వెళ్ళింది. చెయ్యి ఛాతీ ఎత్తున ఉంది, వేళ్ళన్నీ కిందికి జారుతున్నాయి. వాన.

మూడో పటంలో బొటనవేలు, చూపుడువేలు కలిసి గుండ్రంగా, భుజం పైన. పొద్దు.

"అవ్వా, ఏమైంది? కూర్చుంటావా?" అంది మనవరాలు.

"ఉండవే," అంది ముసలామె. "ఆయన చెప్తున్నాడు."

నోరు మాటిచ్చింది. ఇచ్చిన మాట మీద చివరి ఊపిరిదాకా నిలబడింది. చేతులు ఎవరికీ ఏ మాటా ఇవ్వలేదు. ఊరంతా నవ్వుతుంటే, ఎప్పటికి వస్తుందో, అసలు వస్తుందో రాదో తెలియని ఒక పిల్ల కోసం, నొప్పెట్టే చేతుల్ని రోజులకి రోజులు గాలిలో నిలబెట్టి కూర్చున్నాడు. లోకం మెడ దగ్గర కత్తిరించుకుని మొహం పట్టుకుపోయింది. మిగిలింది అరవై ఏళ్ళుగా పటాల్లోనే ఉంది, ఎవరూ ముట్టుకోకుండా.

నాలుగో పటంలో చెయ్యి బయటికి చాచి ఉంది. అరచెయ్యి తెరిచి, చట్రం దాటి వచ్చేలా. ఇదిగో.

ముసలామె రెండు చేతులూ చాపింది, ఆరేళ్ళప్పుడు చాపినట్టే.

"అమ్మగారూ, ముట్టుకోకూడదండీ," అంది కాపలా మనిషి దగ్గరికొచ్చి.

"ముట్టుకోనమ్మా. పుచ్చుకుంటున్నాను," అంది ముసలామె. ఆమె చేతులు పటానికి జానెడు దూరంలో ఆగాయి. కాపలా మనిషి ఏమనుకుందో, రెండడుగులు వెనక్కి వేసి, గదిలో అందరినీ మాట్లాడొద్దని సైగ చేసింది.

ఆ వసంతంలో గడ్డి కాల్చిన మూడోరోజు, జనం నల్లనేల మీద చేరి నాలుగు వరసలూ పాడారు. ఆగారు. అలవాటుగా తలలు దించుకున్నారు.

ముసలామె మాత్రం మోకాళ్ళ మీదకి దిగింది. ఎముకలు పట్టేస్తే మనవరాలి భుజం ఆనుకుంది. ఇంకా వెచ్చగా ఉన్న మసికి పెదవులు తగిలించి నాలుగు మాటలు చెప్పింది, ఒక్కొక్కటి ఒక్కో ఊపిరి పొడుగు. ఎవరికీ గాలి చప్పుడు తప్ప ఏమీ వినబడలేదు. అయినా తలలు ఒక్కొక్కటే లేచాయి. మౌనం పాట కాదనీ, పాట కోసం ఉంచిన చోటనీ అక్కడ ప్రతివాళ్ళకీ తెలిసిపోయింది. అప్పుడు సొంత మాటలు కట్టుకొచ్చినతను కూడా మోకాళ్ళ మీద ఉన్నాడు.

ముసలామె లేచేసరికి పెదవులు నల్లగా ఉన్నాయి. మనవరాలు తుడవబోయి మానుకుంది.

"అవ్వా, నాకెప్పుడిస్తావు?"

"ఏడాదికి ఒక్క ముక్క. చెయ్యి చాపు, ఈ ఏటిది ఇప్పుడే."

"మొత్తం ఎనిమిదేళ్ళు! అప్పటిదాకా ఉంటావా నువ్వు?" అంది మనవరాలు. నవ్వుతూనే చెయ్యి చాపింది. "సగంలో ఆగిపోతే ఏం చెయ్యాలే నేను?"

ముసలామె ఆ పిల్ల చేతిని తన నల్లటి చేతుల్లోకి తీసుకుంది. ఆమెకి బండి చక్రాల చప్పుడు వినబడింది. పక్కనే నడుస్తున్న ముసలి అడుగులు వినబడ్డాయి. అరవై ఏళ్ళుగా తను మొహం తిప్పుకున్న ఆ ఆఖరి మాటని, ఆయన అన్నది అన్నట్టే అంది.

"పాడుతూ ఉండు తల్లీ. ఆగిన చోట నన్ను చూడు."