కొస కోయని ముడి

పూర్వం జపాను దేశంలో, ఏడాదిలో సగం కాలం మంచు కప్పుకొని ఉండే ఒక కొండసీమను తదమునె అనే సేనాని రక్షిస్తూ ఉండేవాడు. పురిటిలోనే తల్లిని పోగొట్టుకొన్న అతనికి పాలిచ్చి పెంచినది ఒవకా అనే దాది. లోకానికి అతడు సమురాయి వీరుడే గాని, ఆమె కంటికి మాత్రం అన్నం తినక మారాం చేసిన పసివాడే. ఎంత ఎదిగినా తల్లికి బిడ్డ బిడ్డే కదా!

ఒక శీతకాలాన అపారమైన శత్రుసైన్యం కనుమకు అవతల విడిసింది. ప్రాణాలొడ్డడం తప్ప గత్యంతరం లేదని నిశ్చయించుకొన్న సేనాని, తన కులవీరుల ఆచారం చొప్పున శిరస్త్రాణానికి అగరుధూపం పట్టించాడు. తెగిన తల శత్రువు చేత చిక్కినా పరిమళించాలని వారి పంతం. పిమ్మట దాని పట్టుతాడును గడ్డం కింద ముడివేసి, మిగిలిన కొసలను కోసివేయమని ఒవకాను కోరాడు. కొసలు లేని ముడిని మళ్లీ విప్పలేరు. తిరిగి రాదలచని వాడే అలా కోయించుకొంటాడు.

ఆమె కత్తెర అందుకోకుండా రెండు చేతులూ చాచి చూపింది.

"నీ గడ్డం మీద కారిన పాలు తుడిచిన చేతులురా ఇవి, నాయనా! వీటికి కత్తెర ఇస్తావా?"

"మరొకరి చేత కోయించుకోలేనమ్మా," అన్నాడతడు తల వంచి.

ఆమె ముడి వేసింది. కత్తెరను ఉత్తగాలిలో ఆడించి చప్పుడు చేసి, కొసలను భుజం మీదుగా తిప్పి కవచంలోకి దోపింది. 'తల్లీ, పాపం నాది, బిడ్డ నీవాడు' అని కొండదేవతకు మనసులోనే మొక్కుకొంది.

ఉదయాన సేనాని అందరికన్నా ముందు గుర్రాన్ని ఉరికించాడు. ఆ వేగానికి కొసలు జారి బయటపడి, దారి పక్కనున్న దేవదారు కొమ్మకు చుట్టుకొని అతణ్ణి ఆపివేశాయి. అతడు చిరాకుపడుతూ విడిపించుకొనేంతలో, పైనున్న మంచుచరియ పెళపెళ విరిగి ఎదుటనే కనుమను పూడ్చివేసింది. ఇటువారు ఇటే, అటువారు అటే నిలిచిపోగా, నెత్తురుబొట్టు రాలకుండానే యుద్ధం ముగిసింది.

ఆజ్ఞ మీరినందుకు దండన తప్పదని ఒవకా అనుకొంటూ ఉండగా, తదమునె తిన్నగా వచ్చి ఆమె ముందు మోకరిల్లి, గడ్డం ఎత్తి, "విప్పమ్మా," అన్నాడు. కన్నీళ్లకు తడిసి ముడి మరీ బిగుసుకొంది. కత్తెర అందించబోయిన సేవకుణ్ణి అతడు వారించాడు.

"అమ్మ విప్పేదాకా ఇలాగే కూర్చుంటాను."

ఆ దేవదారు కింద అతడు కట్టించిన కొండదేవత గుడి నేటికీ ఉంది. ఆ చోటికి ముడికనుమ అని పేరు. బిడ్డలను దూరం పంపే తల్లులు అక్కడ ఎర్రతాడు కట్టి కొసలు పొడుగ్గా వదులుతారు. బిడ్డ తిరిగివచ్చాక తల్లే వెళ్లి విప్పుకోవాలి. రాని బిడ్డల ముడులు ఎండకూ మంచుకూ వెలిసిపోయి అక్కడే ఉన్నాయి. ఆ గుడిలోకి మాత్రం ఈనాటికీ కత్తెర రానివ్వరు.