పీసా గోపురాన్ని పట్టుకున్న పులుగుర్తి వారు

మండపేట మొత్తం మీద బుర్రున్న ఇల్లు ఏదంటే పులుగుర్తి వారిదే. ఈ మాట అనేది కూడా పులుగుర్తి వారే అనుకోండి. మిగతా ఊరు ఏమంటుందో వాళ్ళెప్పుడూ అడగలేదు.

ఇంటి పెద్ద గవర్రాజు. ఆయన భార్య మంగతాయారు, తమ్ముడు భద్రం, బావమరిది పేరయ్య. నలుగురూ కలిసి సిమెంటు కొట్టు నడుపుతారు. "లోకంలో ఇన్ని తగాదాలు ఎందుకండీ? ఒకళ్ళు చెప్పింది ఇంకొకళ్ళు ఇంకోలా చెయ్యడం వల్లండి. మా ఇంట్లో ఆ పప్పులుడకవు. చెప్పింది చెప్పినట్టు చేసేస్తామండి, ఆయ్" అంటాడు గవర్రాజు. మిగతా ముగ్గురూ తలలూపుతారు. ఊపమని ఆయన ఎప్పుడో చెప్పాడు, ఆపమని చెప్పలేదు.

ఆ ఏడు సిమెంటు కంపెనీ మనిషి వచ్చి, "కొట్టుకొచ్చిన వాణ్ణి ఒట్టి చేతులతో పంపకండి" అన్నాడు. అంతే. అడ్రసు అడగడానికి వచ్చినవాడికి ఒక బస్తా, కరెంటు బిల్లు తెచ్చినవాడికి రెండు బస్తాలు. పోస్టుమాను సైకిలు వెనక కట్టేస్తే పాపం ఆయన వారం రోజులు ఉత్తరాలు నడిచి పంచాడు. జనం గొడవ పడలేక కొనేసుకున్నారు. ఇంకేముంది, జిల్లాలో అందరికంటే ఎక్కువ సిమెంటు అమ్మింది పులుగుర్తి వారేనని తేలింది. కంపెనీ మురిసిపోయి, బాగా అమ్మిన డీలర్లనీ వాళ్ళ ఇంటి వాళ్ళనీ నలభై మందిని పోగేసి ఇటలీ యాత్రకి పంపింది. అందులో వీళ్ళు నలుగురు.

యాత్రలో ఒకరోజు పొద్దున్న ఫ్లారెన్సు నుంచి బస్సులో బయల్దేరి సియెనా, సాన్ జిమిన్యానో, పీసా అనే మూడు పాత ఊళ్ళు చూసి సాయంత్రానికి తిరిగి రావాలి. మూడు ఊళ్ళు కలిపి రెండువేల ఏళ్ళ చరిత్ర. దానికి కంపెనీ ఇచ్చింది ఆరు గంటలు, అందులో భోజనానికి ఒకటి, ఫోటోలకి రెండు.

గైడు పేరు పైడిరత్నం. విజయనగరం మనిషి, పన్నెండేళ్ళుగా అక్కడే ఉండి మన తెలుగు వాళ్ళని తిప్పుతోంది. పోయిన నెల ఒక మొగుడూ పెళ్ళాం చర్చిలో బెంచీ మీద నిద్రపోతే, వాళ్ళని వదిలేసి బస్సు వచ్చేసింది. దాంతో ఆవిడ పనిచేసే టూరు ఆఫీసు గట్టిగా చెప్పింది: ఇంకొక్క యాత్రికుడు తప్పిపోయినా, బస్సు ఒక్క నిమిషం ఆలస్యమైనా మర్నాటి నుంచి రావక్కర్లేదని. ఆవిడకి తెలిసిన పని ఇదొక్కటే.

అందుకని బస్సు ఎక్కగానే పసుపురంగు గొడుగు పైకెత్తి చూపించింది.

"ఇటు చూడండి. ఈ గొడుగు ఎటెళ్తే అటే రండి. దీని మీద నుంచి కన్ను తీయకండి. సాయంత్రం సరిగ్గా ఐదింటికి పీసాలో బస్సు కదిలిపోవాల. నలభై మందీ ఎక్కారా, గొడుగుతో అద్దం మీద రెండుసార్లు కొడతాను, డ్రైవరు కదిలించేస్తాడు. ఇంకెవరికోసం ఆగేది నేదు, నాకోసమైనా సరే. తెలిసిందా?"

"తెలిసిందమ్మా" అన్నాడు గవర్రాజు. నలభై మందిలో ఆ మాట మనసుపెట్టి విన్నది ఆ నలుగురే. ఆవిడకి ముచ్చటేసింది. 'ఇలాంటివాళ్ళు పదిమందుంటే నా ఉద్యోగానికి ఢోకా ఉండదు' అనుకుంది. పాపం, ఆ అనుకోవడం ఆవిడ ఆఖరి సుఖం.

సియెనాలో నల్లరాయీ తెల్లరాయీ వరసలుగా పేర్చి కట్టిన పెద్ద చర్చి ఉంది. దాన్ని చూడటానికి జనం ఎక్కడెక్కడి నుంచో వస్తారు. పైడిరత్నం గొంతు పోయేలా దాని కథంతా చెప్పి, "ఎలాగుంది బాబాయిగారూ?" అని అడిగింది.

"బ్రహ్మాండంగా ఉందమ్మా. ఎనిమిది కమ్ములు. పిడి మాత్రం కొంచెం వదులైంది" అన్నాడు గవర్రాజు.

"చర్చి అండీ?"

"చర్చి ఎక్కడుందమ్మా?"

ఆవిడ నుదురు రుద్దుకుని ముందుకు నడిచింది. సందు మలుపులో ఎవరో ముసలావిడ ఎండకి పసుపు గొడుగు వేసుకుని, కూరల సంచితో అడ్డంగా పోయింది. అంతే. నలుగురూ ఆ గొడుగు వెంట పడ్డారు. ఆవిడ మెట్లెక్కితే మెట్లెక్కారు, తలుపు తీస్తే లోపలికి వెళ్ళారు. ఆవిడ గొడుగు మూసి మూలన పెట్టి వెనక్కి తిరిగితే వంటింట్లో నలుగురు కొత్త మనుషులు గొడుగు చుట్టూ నిలబడి ఉన్నారు.

"గైడు మారింది బావా" అన్నాడు పేరయ్య.

"మారితే మనకేంరా, గొడుగు అదేగా" అన్నాడు గవర్రాజు.

ముసలావిడ మంచిది. కేకలేస్తూనే కుర్చీలు వేసింది. ఒంటరిగా ఉంటుందేమో, కాసేపటికి కేకలు మానేసి కాఫీ కూడా ఇచ్చింది. మంగతాయారు ఆవిడకి చిక్కుడుకాయలు ఈనెలు తీసి పెట్టింది. పైడిరత్నం ఊరంతా వెతికి, ఏడుపు ఆపుకుంటూ ఆ ఇంటి తలుపు కొట్టేసరికి నలుగురూ గొడుగు వైపే చూస్తూ కాఫీ తాగుతున్నారు.

"ఇది కాదండీ గొడుగు! నాది, నాది!"

"పసుపేగా అమ్మా" అంది మంగతాయారు.

పైడిరత్నం తన గొడుగు కొసకి ఎర్ర గుడ్డ పీలిక కట్టింది. "ఈ ఎర్ర గుడ్డ ఉన్న గొడుగు. ఇదొక్కటే" అంది. నలుగురూ తలలూపారు.

సాన్ జిమిన్యానోలో ఎత్తైన రాతి బురుజులున్నాయి. అందులో ఒకటి ఎక్కించే ముందు పైడిరత్నం జాగ్రత్తపడి, "ఇక్కడ అన్నీ పాతవి. దేన్నీ ముట్టుకోకండి" అని చెప్పింది. దిగేటప్పుడు గవర్రాజు కాలు జారింది. పక్కనే ఇనుప కమ్మీ ఉంది. పట్టుకుంటే మాట తప్పినట్టవుతుంది. ఇంకేముంది, చేతులు రెండూ గుండెకి ఆనించుకుని పన్నెండు మెట్లు దొర్లి, కింద కాపలాదారు కాళ్ళ దగ్గర ఆగాడు.

"దేన్నీ ముట్టుకోలేదమ్మా" అన్నాడు లేచి.

"మెట్లు తగిలాయి అన్నయ్యా" అన్నాడు భద్రం. భద్రం నిజాయితీ గలవాడు. కాపలాదారుకి దణ్ణం పెట్టి, అన్నయ్య తరఫున క్షమించమని కూడా అడిగాడు.

మధ్యాహ్నం ఒక చిన్న హోటల్లో భోజనం. హోటలాయన గుమ్మంలో నిలబడి చేతులు చాచి ఏదో అన్నాడు. పైడిరత్నం తెలుగులో చెప్పింది: "ఇది మీ ఇల్లే అనుకోమంటున్నాడు. మీ ఇంట్లో ఎలా ఉంటారో అలాగే ఉండమంటున్నాడు."

ఆ మాట ఆయన రోజుకి యాభైమందితో అంటాడు. అందరూ నవ్వేసి కూర్చుంటారు. గవర్రాజు మాత్రం చొక్కా విప్పి గోడమీద పటానికి తగిలించాడు. పేరయ్య చెంబు అడిగి గుమ్మంలో కాళ్ళు కడుక్కున్నాడు. మంగతాయారు తిన్నగా వంటింట్లోకి వెళ్ళి, ఉప్పూ కారం లేని సేమ్యా ఉడుకుతుంటే చూసి జాలిపడింది. సంచిలోంచి ఎండుమిరపకాయలూ ఆవాలూ తీసి తిరగమోత పెట్టింది. వంటవాళ్ళు ముగ్గురూ దగ్గుకుంటూ వీధిలో పడ్డారు.

అక్కడితో ఆగినా బాగుండేది. పులుగుర్తి వారింట్లో భోజనాలయ్యాక తలుపు గడియ వేసి నాలుగింటిదాకా పడుకుంటారు. ఆ వేళ పరాయివాళ్ళెవరూ ఇంట్లో ఉండకూడదు. భద్రం మర్యాదగా ఒక్కొక్కళ్ళనీ లేపి, చేతికి పళ్ళెం ఇచ్చి బయటికి సాగనంపాడు. డీలర్లనీ, పక్క బల్ల దగ్గర తింటున్న జర్మనీ వాళ్ళనీ, ఆఖరికి హోటలాయన్నీ. గడియ వేశాడు. నలుగురూ బెంచీలమీద నడుం వాల్చారు.

హోటలాయన తలుపు బాదుతుంటే లోపల్నుంచి గవర్రాజు గొంతు వినబడింది. "ఎవరండీ ఆ వేళాపాళా లేకుండా? ఇంటివాళ్ళు పడుకున్నారు. నాలుగు దాటాక రండి."

పైడిరత్నం కిటికీలోంచి ఎర్ర గుడ్డ కట్టిన గొడుగు లోపలికి తోసి, మెల్లగా బయటికి లాగింది. నలుగురూ దాని వెనకే కిటికీలోంచి దిగి వచ్చారు. అప్పటికే ముప్పావుగంట పోయింది.

"బాబాయిగారూ, మీ కాళ్ళు పట్టుకుంటాను. పీసాలో నేను ఏం చెబితే అదే చెయ్యండి. అంతకుమించి ఒక్కటి కూడా ఒద్దు" అంది.

"మేం పొద్దుట్నుంచీ అదే చేస్తున్నాం కదమ్మా" అన్నాడు గవర్రాజు. ఆయన మొహంలో నిజంగానే బాధ కనిపించింది.

పీసా చేరేసరికి నాలుగు దాటింది. పక్కకి ఒరిగిన గోపురం చూడగానే నలుగురికీ గుండె ఆగినంత పనైంది. "సిమెంటు పాళ్ళు తక్కువయ్యాయి" అన్నాడు గవర్రాజు. అంతకంటే వింత, పచ్చిక మీద వందలమంది దేశదేశాల వాళ్ళు చేతులు గాల్లోకి చాచి నిలబడి ఉన్నారు.

"పాపం, పడకుండా పట్టుకుంటున్నారు అన్నయ్యా" అన్నాడు భద్రం.

"అంత దూరం నుంచా?"

"ఇక్కడి పద్ధతేమో."

పైడిరత్నం వీళ్ళకి ఒక ఫోటో తీసేస్తే పనైపోతుందనుకుంది. నలుగురినీ వరసగా నిలబెట్టి, చేతులు ఎత్తించింది. "అద్దీ, అలగే. గోపురాన్ని గట్టిగా పట్టుకోండి. ఒగ్గేయకండి, ఒగ్గేస్తే పడిపోద్ది" అని నవ్వుతూ అంది. రోజుకి నాలుగుసార్లు అనే మాటే అది. అందరూ పళ్ళికిలిస్తారు, ఆవిడ ఫోటో తీస్తుంది. వీళ్ళు పళ్ళికిలించలేదు. పళ్ళు బిగించారు.

ఫోటో అయింది. "ఇంక దించండి, టైమైపోయింది" అంది.

ఎవరూ దించలేదు.

"దించితే పడిపోద్దని మీరే అన్నారు కదమ్మా" అన్నాడు గవర్రాజు.

"ఊరికే అన్నానండీ."

"ఊరికే అనే మాటలు మా ఇంట్లో ఉండవమ్మా."

"బాబాయిగారూ, అది ఎనిమిది వందల ఏళ్ళ నుంచి అలగే నిలబడి ఉంది."

"ఎనిమిది వందల ఏళ్ళ నుంచీ ఎవరో ఒకరు పట్టుకుంటూనే ఉన్నారు, కనబడుతోందిగా" అన్నాడు పేరయ్య. ఎండ తగ్గుతోంది, పచ్చిక మీద జనం ఒక్కొక్కరే వెళ్ళిపోతున్నారు. ఒకడు వెళ్ళినప్పుడల్లా పేరయ్య కాళ్ళు ఇంకాస్త ఎడం చేసి నిలబడ్డాడు. మంగతాయారు కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "అందరూ వదిలేసి పోతున్నారండీ. లోపల జనం ఉన్నారు" అంది.

నాలుగూ నలభై అయింది. బస్సు ఆగే చోటుకి పది నిమిషాల నడక. వీళ్ళు నలుగురూ రాకపోతే ఉద్యోగం లేదు, వీళ్ళకోసం ఆగినా ఉద్యోగం లేదు. పైడిరత్నం ఆఖరికి, "పోనీ నేను పట్టుకుంటాను, మీరెళ్ళండి" అంది.

గవర్రాజు ఆలోచించాడు. "ఊరి మనిషి, అలవాటు ఉంటుంది. అలాగే కానివ్వండి. అయితే ఒంటిచేత్తో కుదరదమ్మా, గొడుగు ఇటివ్వండి. ఆ సంచీ కూడా ఇవ్వండి, భుజం మీద బరువుంటే గోపురం ఆపలేరు."

గొడుగూ, ఫోను ఉన్న సంచీ ఇచ్చేసి పైడిరత్నం రెండు చేతులూ ఎత్తింది. అప్పుడు గాని వాళ్ళు దించలేదు, అదీ ఒక్కొక్కరుగా. వాళ్ళు నాలుగడుగులు వేయగానే ఆవిడ చేతులు దించబోయింది. పేరయ్య ఆవిణ్ణే చూస్తూ వెనక్కి నడుస్తున్నాడు, చూసి బెదిరిపోయి తిరిగి పరిగెత్తుకొచ్చాడు. ఆవిడ గబుక్కున మళ్ళీ ఎత్తింది. వాళ్ళు వీధి మలుపు తిరిగి కనుమరుగయ్యేదాకా అలాగే నిలబడింది. పక్కన పిల్లలు ఆవిడకి ఫోటో తీశారు.

దారిలో బజారు చేస్తున్న డీలర్లందరూ ఎర్ర గుడ్డ గొడుగు చూసి దాని వెనకే నడిచారు. పొద్దున్న చెప్పిన మాట వాళ్ళు పాటించింది ఆ రోజంతటికీ అదొక్కసారే. అందరూ బస్సెక్కారు. గవర్రాజు తలలు లెక్కపెట్టాడు. నలభై. గడియారం చూశాడు. ఐదు. వెనక సీట్లోంచి ఎవరో ముసలాయన, "గైడమ్మ ఏదండీ?" అన్నాడు.

"డ్యూటీలో ఉన్నారు. తనకోసమైనా ఆగొద్దన్నారు" అని గొడుగుతో అద్దం మీద రెండుసార్లు కొట్టాడు గవర్రాజు. అంతే. బస్సు కదిలింది.

పైడిరత్నం మిగతా డీలర్లకోసం దుకాణాలన్నీ వెతికి, పరిగెత్తుకుంటూ వచ్చేసరికి అక్కడ బస్సు పొగ మాత్రమే ఉంది. ప్యాంటు జేబులో దొరికిన నోటుతో రైలు టిక్కెట్టు కొనుక్కుని ఫ్లారెన్సు చేరింది. మర్నాడు భయం భయంగా ఆఫీసుకి వెళ్తే పెద్దాయన లేచి, బస్సులో వచ్చిన గొడుగూ సంచీ అందించి, చెయ్యి కలిపాడు. నలభైకి నలభై మందీ, ఐదంటే ఐదింటికి! పన్నెండేళ్ళలో ఇదే మొదటిసారట. గైడు తప్పిపోతే ఏం చెయ్యాలో నిబంధనల్లో ఎక్కడా లేదు. ఉద్యోగం నిలబడింది.

మండపేటలో మాత్రం పులుగుర్తి వారికి తిండి సయించలేదు. ఒక ఆడమనిషి నెత్తిన అంత బరువు పెట్టి వచ్చామే అని మంగతాయారు రోజూ బాధపడేది. ఆలోచించగా ఆలోచించగా భద్రానికి తట్టింది. అక్కడ అంతమంది పచ్చిక మీద నుంచే కదా పట్టుకున్నారు, తాకింది ఎవరు? అంటే దానికి దూరంతో పనిలేదు.

ఇంకేముంది, వచ్చిన ఆదివారం మధ్యాహ్నం నలుగురూ డాబా ఎక్కి, పడమర వైపు తిరిగి చేతులెత్తి నిలబడ్డారు. గవర్రాజు మెడకీ భుజానికీ మధ్య ఫోను నొక్కిపెట్టి పైడిరత్నానికి ఫోను చేశాడు.

"అమ్మా, మేం నలుగురం పట్టుకున్నాం. ఇవాళ ఆదివారం, కాస్త విశ్రాంతి తీసుకోండి. దించేసుకోండి చేతులు."

అవతల పైడిరత్నం మెల్లగా, "సరేనండి బాబాయిగారూ, దించేశాను" అంది.

ఆ మాట వినగానే పేరయ్య మోకాళ్ళు వంగాయి. "బావా, ఇప్పుడు తెలుస్తోంది బరువు" అన్నాడు.