దండోరాలో పలకని ఇల్లు

అనగనగా ఒక ఊళ్ళో, వానల్లేక నేల నెర్రెలిచ్చిన ఊళ్ళో, నాంచారి అని ఓ కోడలుండేదర్రా. మొగుడు పోయాడు. ఇంట్లో ముసలి అత్త, చంకలో చంటిపిల్ల, అంతే. ఊ కొట్టండి మరి, నేను గోడకి చెప్పట్లేదు.

బావులు అడుగంటాయి. ఆడవాళ్ళు బిందెలతో కొట్టుకునేదాకా వచ్చింది. అప్పుడు ఆ ఊరేలే రాజు తన సేనకి పెద్దయిన దళవాయిని పిలిచి, ఏ ఇల్లు ఏ బావిలో తోడుకోవాలో జతలు కట్టి దండోరా వేయించమన్నాడు. ఇంటికో బావి. తన జత కాని బావిలో చేద వేస్తే కొరడా దెబ్బలే.

డుం డుం డుం! కుమ్మరి పోలయ్య ఇల్లు, రాతిబావి. డుం డుం! సాలె వెంకమ్మ ఇల్లు, రాతిబావి. డుం డుం! దళవాయిగారి ఇల్లు, తియ్యబావి. దళవాయిగారి ఇల్లు, తామరబావి. డప్పు ఆగిపోయింది. నాంచారి ఇల్లు పలకనేలేదు.

పరిగెత్తుకెళ్ళింది పాపం. మా ఇల్లు మర్చిపోయారయ్యా అంటే, దళవాయి తమలపాకు నములుతూ ఏమన్నాడో తెలుసా?

"పలకని ఇల్లు ఊళ్ళో లేనట్టే. లేని ఇంటికి దాహమేమిటే?"

వెంకమ్మ కొన్నాళ్ళు పెరటి గోడ మీంచి చెంబుడు నీళ్ళిచ్చింది. తర్వాత కొరడాకి భయపడి ఆ పక్కకే రావడం మానేసింది. అత్తేమో, నాకు దాహం లేదే, కుండ అడుగున ఉన్నవి పిల్లకి పట్టు అనేది. పొద్దున అదే మాట, సాయంత్రం అదే మాట, నాలిక పిడచగట్టుకుపోయినా అదే మాట. ఓ మధ్యాహ్నం ఆ మాటా రాలేదు.

ఊ కొడుతున్నారా? కళ్ళు తుడుచుకో వకుళా, విను.

అత్తని కాటికి సాగనంపి, పిల్లని చంకనేసుకుని నాంచారి కొలువుకెళ్ళింది. దండోరా మళ్ళీ చెప్పించండి మహారాజా అంది. చెప్పించాడు. మీ ఇల్లు రెండుసార్లు పలికిందేమయ్యా అని దళవాయినడిగాడు రాజు.

"రాతిబావి కూడా రెండుసార్లు పలికింది కదా ప్రభూ! అదీ తప్పేనా?" అన్నాడు వాడు.

రాజు తికమకపడ్డాడు. నాంచారి మాత్రం తడబడలేదు.

"అది తప్పు కాదు దొరా. రెండిళ్ళు ఒక్క బావికెళితే నీళ్ళు పంచుకుంటాయి. ఒకే ఇంటికి రెండు బావులు కట్టడం తప్పు. నా ఇంటికి ఒక్కటీ కట్టకపోవడం తప్పు."

ఎవరికీ కట్టని పాముబావి ఉందిగా, అది దీనికిచ్చినట్టే అని గొణిగాడు దళవాయి. "ఎవరికీ ఇవ్వని బావిని ఇచ్చిన బావుల్లో కలపకయ్యా," అంది నాంచారి.

ఇందాక నువ్వు వల్లె వేస్తున్నావే వకుళా, ఆ లెక్కల పాఠమేనే ఇది. జతలో ముందు పలికే ఇళ్ళన్నీ ప్రదేశం. వాటికి దక్కిన బావులన్నీ వ్యాప్తి. ప్రదేశంలో ప్రతి ఇంటికీ ఒక బావి, ఒక్కటే బావి ఉంటే ప్రమేయం. నీ పుస్తకం అంతవరకే చెబుతుంది. అసలు ఆ ప్రదేశంలోంచి ఎవర్ని తీసేశారో మనమే అడగాలమ్మా.

రాజు దళవాయి కొలువు ఊడబీకాడు. తియ్యబావి నాంచారికిచ్చాడు. ఊరంతా జేజేలు కొట్టింది. వెంకమ్మ ముందు నించుని మరీ కొట్టింది. నాంచారి ఆవిడ మొహం చూళ్ళేదు.

సాయంత్రం బిందె ముంచి, పిల్లకి పట్టి, తనూ ఓ గుక్క తాగింది. నీళ్ళు చాలా తియ్యగా ఉన్నాయట. అంత తియ్యగా ఉన్నందుకే బావిగట్టు మీద కూలబడి ఏడ్చిందట.

అందరూ సుఖంగా ఉన్నారనే చెప్పాలిరా కథ చివర. సరే, ఉన్నారు. కథ తన దారిన కంచికి పోతుంది, మనం దుప్పట్లోకి పోదాం. పడుకోండి.