తగరపు దీవి మనిషి

ధర్మానికి మేలు చేసే అబద్ధం దోషమవుతుందా, కాదా? ఈ ప్రశ్న కొన్నాళ్ళుగా సుమనుణ్ణి కుదురుగా కూర్చోనివ్వడం లేదు.

సుమనుడు సముద్రం ఒడ్డున కొండ మీదున్న బౌద్ధ విహారంలో భిక్షువు. కొండ కింద రేవు. ఆ రేవు ఓడలు తూర్పు సముద్రం దాటి, ఎక్కడో ఉన్న తగరపు దీవులకు వెళ్ళి, తెల్లని తగరపు దిమ్మలు వేసుకుని తిరిగి వచ్చేవి. తగరం కలవనిదే రాగి కంచు కాదు. కంచు లేనిదే గుడిలో గంట లేదు, ఇంట్లో పళ్ళెం లేదు. దేశమంతటికీ తగరం కావాలి. దారి మాత్రం ఈ రేవు వర్తకులకే తెలుసు.

ఆ దారిని దాచడం కష్టం. సముద్రానికి తలుపులు బిగించలేరు కదా. అందుకే వర్తకుల పెద్ద సమిక శ్రేష్ఠి ఒకనాడు రొప్పుతూ కొండెక్కి వచ్చి సుమనుడి పక్కన కూర్చున్నాడు.

"స్వామీ, మీరు కథ చెబితే ఊరంతా చెవులప్పగించి వింటుంది. ఆ దీవుల మీద ఒక కథ చెప్పండి. పరాయి రేవుల వాళ్ళకు అటు ఓడ తిప్పాలంటే గుండె జారిపోవాలి."

సుమనుడు చెప్పాడు. ఆ దీవుల మనుషులకు రెండు వరసల పళ్ళుంటాయన్నాడు. ఒడ్డుకు కొట్టుకొచ్చిన నావికులను వాళ్ళు తగరపు కాగుల్లో ఉడకబెడతారన్నాడు. వాళ్ళు ఎముకలు నమిలే చప్పుడు గాలికి కొట్టుకొచ్చి, దూరంగా ఉన్న ఓడల దాకా వినిపిస్తుందని చెప్పి, దవడలు ఆడించి ఆ చప్పుడు చేసి చూపించేవాడు. వినేవాళ్ళు ఒకరినొకరు ఆనుకుని కూర్చునేవారు. దీవులు చూసి వచ్చిన నావికులు శ్రేష్ఠికి జడిసి నోరు మెదపలేదు. కథ రేవు నుంచి రేవుకు పాకింది. మరే రేవు నుంచీ తగరపు దీవులకు ఓడ బయలుదేరలేదు. శ్రేష్ఠి సంతోషించి విహారానికి రాతి మెట్లు కట్టించడం మొదలుపెట్టాడు.

విహారానికి పెద్ద ధమ్మిల స్థవిరుడు. ముసలివాడు, మితభాషి. ఆ కథ గురించి ఆయన మంచీ అనలేదు, చెడూ అనలేదు. అదే సుమనుడికి ముల్లులా గుచ్చుకుంటోంది. ఆ ఉదయం గురువు భిక్షాపాత్ర ముందు పెట్టుకుని భోజనానికి కూర్చోగానే వెళ్ళి అడిగేశాడు.

"భంతే, నా కథ వల్ల ఎవరికీ హాని లేదు. మన ఊరి వాళ్ళకు బతుకుతెరువు దొరికింది. విహారానికి మెట్లు వచ్చాయి. ఇందులో నా తప్పేమైనా ఉందా?"

స్థవిరుడు అన్నంలో పెట్టబోయిన చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. ఇంతలో మెట్లు కట్టే రాతిపనివాడు ఒకడు పరుగెత్తుకుంటూ వచ్చాడు.

"స్వామీ! తగరపు దీవి వాడు దొరికాడు! రేవులో కట్టేశారు. మీరొచ్చి చూసి చెప్పాలంట!"

స్థవిరుడు లేచాడు. పాత్ర చేతిలో పట్టుకునే మెట్లు దిగసాగాడు.

ఇసుక మీద జనం వలయంగా నిలబడి ఉన్నారు. ఎవరి చేతిలో చూసినా తెడ్డో, గెడకర్రో. దగ్గరికి వెళ్ళే ధైర్యం ఎవరికీ లేదు, వదిలి వెళ్ళే మనసూ లేదు. మధ్యలో ఒక పడవ. దాని ముక్కుకు ఒక మనిషిని మణికట్ల దగ్గర కట్టి మోకాళ్ళ మీద కూర్చోబెట్టారు. తుపానుకు విరిగిన చిన్న దోనె మీద కొట్టుకొచ్చాడట. ఒళ్ళంతా ఉప్పు పొక్కులు. భుజాల మీద నీలి పచ్చబొట్లు. మెళ్ళో చేప ఆకారంలో తగరపు బిళ్ళ. ఎక్కడివాడో చెప్పడానికి ఆ బిళ్ళ చాలు.

అతను నోరు గట్టిగా బిగించి ఉన్నాడు. ఎవరెంత అరిచినా తెరవలేదు.

అందరికంటే ముందు నిలబడింది ఎల్లి. ఆమె మొగుడు తగరపు ఓడలో తెడ్డు వేసేవాడు. ఆ ఓడ తిరిగి రాలేదు. గాలివానకు మునిగి ఉంటుందని కొందరు అన్నారు. ఎల్లి మాత్రం సుమనుడి కథ విన్నది.

"వచ్చావా సామీ!" అన్నది ఎల్లి. తెడ్డు పట్టుకున్న ఆమె వేళ్ళు తెల్లబడి ఉన్నాయి. "వీడేనా? నువ్వు చెప్పినోళ్ళు వీళ్ళేనా? ఒక్క మాట చెప్పు. తక్కింది నేను చూసుకుంటా."

"చెప్పండి స్వామీ!" అన్నారు జనం.

శ్రేష్ఠి పక్కకు వచ్చి, పెదవులు కదిలీ కదలకుండా అన్నాడు. "వీడు బతికితే నాలుగు రోజుల్లో మన మాట నేర్చుకుంటాడు. అడిగినవాడికల్లా దారి చెబుతాడు. మెట్ల పని ఇంకా సగంలోనే ఉంది స్వామీ, ఆలోచించుకోండి."

అవునంటే ఆ మనిషి చస్తాడు. కాదంటే, ఎలా తెలుసని అడుగుతారు. సుమనుడు గురువు వైపు చూశాడు.

స్థవిరుడు పాత్ర శిష్యుడికి అందించాడు.

"ఆకలితో ఉన్నాడు. తినిపించు."

సుమనుడు పాత్ర అందుకున్నాడు. జనం దారి ఇచ్చారు. ఇసుకలో నాలుగడుగులు వేసి ఆ మనిషి ముందు కూర్చున్నాడు. అన్నం ముద్ద చేసి చెయ్యి చాచాడు.

చెయ్యి ఆగిపోయింది.

ఆ మనిషి పెదవులకు జానెడు దూరంలో, గాలిలోనే ఆగిపోయింది. సుమనుడు ముందుకు తొయ్యాలనుకున్నాడు. వేళ్ళు కదల్లేదు. బిగించిన ఆ పెదవుల వెనక ఏముందో అని వాటినే చూశాడు. మెతుకులు జారి ఇసుకలో పడ్డాయి.

ఆ జంకు జనం చూశారు. "చూశారా, సామికే భయమేస్తోంది!" అని ఎవరో అరిచారు. వలయం ఒక్కసారిగా దగ్గరికి జరిగింది. ఎల్లి తెడ్డు పైకెత్తింది.

స్థవిరుడు వంగి శిష్యుడి చెవిలో అడిగాడు. "దేనికి భయం?"

"పళ్ళు, భంతే."

"ఎవరు పెట్టారు వాటిని?"

సుమనుడు తల ఎత్తి ఎదుటి మనిషి కళ్ళలోకి చూశాడు. అంతవరకూ అతని నోటినే చూశాడు గాని కళ్ళు చూడలేదు. ఆ కళ్ళు ముద్ద పట్టుకున్న చేతిని చూస్తున్నాయి. అందులో విషం ఉందేమోనని చూస్తున్నాయి.

సుమనుడు ఆ ముద్ద తన నోట్లో పెట్టుకుని నమిలి మింగాడు. మరో ముద్ద చేశాడు. ఈసారి చెయ్యి అతని పెదవుల దాకా వెళ్ళింది.

నోరు తెరుచుకుంది.

అన్నం కోసం అతను ఎంత ఆత్రపడ్డాడంటే సుమనుడి వేళ్ళు కూడా నోట్లోకి పోయాయి. జనం ఊపిరి బిగబట్టారు. సుమనుడు చెయ్యి లాక్కోలేదు. ఒకటే వరస. చిన్న పళ్ళు, వక్క నమిలి నల్లబడ్డవి. కింద ఒకటి ఊడిపోయింది కూడా.

"ఒకటే వరస!" అన్నాడు ముందున్న జాలరి ఒకడు, తనలో తాను అన్నట్టు.

"రెండో వరస లోపలెక్కడో ఉంటుంది," అన్నాడు శ్రేష్ఠి. "స్వామికి తెలుసు. చెప్పండి స్వామీ."

సుమనుడు లేచి నిలబడ్డాడు.

"నాకేమీ తెలియదు," అన్నాడు. "నేను ఆ దీవులు చూడలేదు. చూసినవాళ్ళు నాకు చెప్పనూ లేదు. పళ్ళు, కాగులు, అన్నీ నేనే అల్లాను. ఇతను మనలాంటి మనిషే."

శ్రేష్ఠి ముఖం మాడిపోయింది. ఎవరి వంకా చూడకుండా జనంలోంచి బయటికి వెళ్ళిపోయాడు.

ఎల్లి తెడ్డు ఇంకా పైనే ఉంది.

"మరి నా మొగుడు?"

"నాకు తెలియదమ్మా."

"కళ్ళు మూసుకుంటే చాలు, ఆ చప్పుడే వినపడేది నాకు," అన్నది ఎల్లి. "మా ఆయన ఎముకలు నమిలే చప్పుడు. అన్నం తింటుంటే వినపడేది. పక్కన బిడ్డ శనగలు నమిలితే వినపడేది. వాడి చెంప మీద కొట్టేదాన్ని, నమలొద్దని. ఆ చప్పుడు నీదేనా సామీ?"

సుమనుడు గురువు వైపు తిరిగాడు.

"నన్ను చూడకు," అన్నాడు స్థవిరుడు. "అడుగుతున్నది ఆమె."

సుమనుడు ఎల్లి వైపు తిరిగాడు.

"అవునమ్మా. నాదే."

తెడ్డు దిగింది. భుజం మీద పడింది. సుమనుడు ఒక మోకాలి మీదికి ఒరిగాడు గాని పక్కకు తప్పుకోలేదు. ఎల్లి మళ్ళీ ఎత్తింది. ఎత్తిన తెడ్డు అలాగే కాసేపు ఉంది. తర్వాత దాన్ని ఇసుకలో పడేసి, అక్కడే కూలబడి, మొగుడి పేరు పెట్టి పిలుస్తూ ఏడ్చింది. మొగుడి ఓడ ఇక రాదని తెలిసిన రోజు కూడా ఆమె అలా ఏడవగా ఊళ్ళో ఎవరూ చూడలేదు. ఇద్దరు ఆడవాళ్ళు వచ్చి ఆమెను పొదివి పట్టుకున్నారు.

ఒకరి వెనక ఒకరుగా జనం తెడ్లు దించారు.

స్థవిరుడు అప్పటికే పడవ ముక్కు దగ్గర కూర్చుని కట్లు విప్పుతున్నాడు. తాడు నీళ్ళకు నాని ముడి బిగిసిపోయింది. ముసలి వేళ్ళకు లొంగడం లేదు. సుమనుడు వచ్చి పక్కన కూర్చుని గోళ్ళతో ప్రయత్నించాడు. దెబ్బ తిన్న చేతికి పట్టు చిక్కలేదు. చివరికి వంగి, ముడిని పంటితో లాగుదామని నోరు తెరిచాడు.

ఆ మనిషి కెవ్వుమన్నాడు. చేతులు వెనక్కి గుంజుకుంటూ, కళ్ళు గట్టిగా మూసుకుని, తన భాషలో ఏదో గబగబా గొణిగాడు. నిలువెల్లా వణికిపోతున్నాడు.

సుమనుడు నోరు తెరిచినవాడు తెరిచినట్టే ఉండిపోయాడు.

స్థవిరుడు ఆ మనిషి వీపు మీద చెయ్యి వేశాడు.

"నెమ్మదిగా," అన్నాడు శిష్యుడితో. "నీ పళ్ళు అతనికి కనిపిస్తున్నాయి."