గోరింక కళ్ళకు పసుపు

ఒకప్పుడు గోరింక కళ్ళ చుట్టూ పసుపు లేదు. ఒళ్ళు గోధుమ రంగు, తల నలుపు, అంతే. అది నేల మీద కాలు కూడా పెట్టేది కాదు. కొర్రచేను గట్టున ఉన్న వేపచెట్టు చిటారుకొమ్మన కూర్చుని, కింద మనుషులు ఆడే మాటలకు మిగతా పిట్టలకు అర్థాలు చెప్పేది.

అంత ఎత్తుకు మాటలన్నీ చేరతాయా? గట్టిగా అరిచిన చిన్న చిన్న మాటలే చేరేవి. కోత, మోత, మూత, పూత... అన్నీ ఒకేలా వినిపించేవి.

"గోరింకక్కా, పూత అంటే ఏంది?" అని ఉడుత అడిగేది.

"గోడకు పూసే సున్నం."

"మరి మామిడికి పూతొచ్చింది అంటున్నారే?"

"చెట్టుకు కూడా సున్నం కొట్టుంటారు" అనేది గోరింక, తడుముకోకుండా.

ఆ చేను ఓబులేసుది. మంచివాడే గానీ గొప్పలు మొదలుపెడితే ఆపేవాడు కాదు. "నిన్న అడవిలో ఎలుగుబంటి ఎదురైతే, చెవి మెలిపెట్టి ఇంటికి పంపించినా!" అనేవాడు. పక్కనే కలుపు తీస్తున్న చెల్లెలు నారెమ్మ పకపకా నవ్వేది. "చాల్లేన్నా, నీ కోతలు!" అనేది.

అది విని గోరింక పిట్టలన్నిటికీ చెప్పేసింది. "కోత అంటే ఉత్తుత్తి మాట. గుర్తుపెట్టుకోండి."

కొర్ర కంకులు పండి బరువుగా వంగాయి. ఆ పైరు మధ్యలో నేల మీద పూరేడు పిట్ట గుడ్లు పెట్టుకుని పొదుగుతోంది. ఒక సాయంత్రం ఓబులేసు గట్టు మీద నిలబడి కేక పెట్టాడు. "రేపే కోత!"

ఆ కేక పూరేడు చెవిన పడింది. పరుగున వేపచెట్టు కిందికొచ్చింది.

"అక్కా, రేపు కోతంట! నా గుడ్లు ఇంకా పగల్లేదు. పగిలిన పూటే నా పిల్లలు పరిగెత్తగలరు, అంతదాకా కదల్లేరు. చీకటి పడేలోపు గుడ్లన్నీ గట్టు కిందికి దొర్లించుకోనా?"

"ఎందుకే నీకంత కష్టం?" అంది గోరింక పైనుంచి. "కోత అంటే ఉత్తుత్తి మాట. ఓబులేసు మళ్ళీ గొప్పలు చెప్తున్నాడు. పోయి హాయిగా పడుకో."

పూరేడు నమ్మింది. వెనక్కి వెళ్ళి గుడ్ల మీద కూర్చుంది.

తెల్లారింది. ఓబులేసు, నారెమ్మ, ఇంకొందరు కూలివాళ్ళు చేలోకి దిగారు. అందరి చేతుల్లో కొడవళ్ళు తళతళ మెరిశాయి. సరసరమని పైరు నేలకు ఒరగసాగింది.

కొమ్మ మీది గోరింక కిందికి తొంగి చూసింది. "అయ్యో, కోత అంటే ఇదా!"

పైరు తగ్గిపోతోంది. కొడవళ్ళు పూరేడు ఉన్న చోటికి దగ్గరవుతున్నాయి. పూరేడు మాత్రం కదల్లేదు. రెక్కలు పరిచి గుడ్లను కప్పుకుని, కళ్ళు గట్టిగా మూసుకుంది.

గోరింక ఇక ఆగలేదు. చిటారుకొమ్మ మీంచి రాయిలా దూకింది. నారెమ్మ కొడవలికి అడ్డంగా వాలి, "వద్దు కోత! వద్దు కోత! గుడ్లు!" అని అరిచింది.

నారెమ్మ చెయ్యి లాక్కునేలోపే కొడవలి మొన గోరింక కంటి పక్కన గీసుకుపోయింది.

"అయ్యో తల్లీ! కొడవలి కిందికి వచ్చి పడితివే!" అని నారెమ్మ దాన్ని ఒడిలోకి తీసుకుంది. పైరు పక్కకు తప్పించి చూస్తే పూరేడు, దాని కింద గుడ్లు. "అన్నా, ఈ మూల వదిలెయ్! ఇక్కడ గుడ్లున్నాయి!"

ఓబులేసు కొడవలి దించి దగ్గరికొచ్చాడు. "పిట్ట మాట్లాడిందే! ఊళ్ళో చెప్తే ఒక్కరన్నా నమ్ముతారా?"

"ఈసారికి నేను సాక్ష్యం చెప్తాలే" అంది నారెమ్మ.

కోతల్లో చేతులు తెగుతుంటాయి కదా, నారెమ్మ కొంగున పసుపు ముడేసుకుని వచ్చింది. దాన్ని తడిపి గోరింక కంటి చుట్టూ మెత్తగా అద్దింది. "ఒక కంటికే పెడితే ఏం బాగుంటుంది?" అని రెండో కంటికీ పెట్టింది.

గోరింక తల దించుకుని పూరేడు దగ్గరికి నడిచింది. "తెలియదు అనడానికి సిగ్గుపడ్డానే. తెలియకుండానే చెప్పేశాను."

"పొద్దున్నుంచీ నా ప్రాణం ఎన్నిసార్లు పోయొచ్చిందో!" అంది పూరేడు కోపంగా. అంతలో దాని రెక్క కింద టిక్కుమంది. ఒక గుడ్డు పగిలింది. ఇంకొకటి, ఇంకొకటి. గోలీకాయలంత పిల్లలు బయటికొచ్చి, తడి ఆరీ ఆరకముందే కాళ్ళతో తంటాలు పడుతూ నిలబడ్డాయి. పూరేడు కోపం ఎటు పోయిందో! "చూడక్కా, నడుస్తున్నాయి!" అంది.

గోరింక నారెమ్మ వైపు తిరిగింది. "ఇంతకీ కోత అంటే ఏంటమ్మా? పైరు కొయ్యడమా, గొప్పలు చెప్పడమా?"

"రెండూ నిజమే" అని నవ్వింది నారెమ్మ. "ఎవరంటున్నారో, ఎందుకంటున్నారో, చేతిలో ఏముందో చూసుకోవాల. చెట్టెక్కి కూర్చుంటే అవన్నీ యాడ కనపడతాయి? కిందికొచ్చి మా పక్కన నడువు. అర్థం కాకపోతే అడుగు."

ఆ పూటంతా గోరింక నారెమ్మ మడమల వెంబడే నడిచింది. చెవిన పడ్డ ప్రతి మాటనూ తల వంచి విని, మళ్ళీ తన గొంతుతో అని చూసుకుంది. సాయంత్రానికి పూరేడు పిల్లలు తల్లి వెనక బిలబిలమంటూ గట్టు దాటిపోయాయి.

నారెమ్మ పెట్టిన పసుపు వానకు కరగలేదు, ఎండకు వెలిసిపోలేదు. అప్పటినుంచే గోరింక కళ్ళ చుట్టూ పసుపు. అప్పటినుంచే అది మనుషుల మధ్య, పశువుల మధ్య బెదురు లేకుండా నడుస్తూ, తల ఒక పక్కకు వంచి, మనం ఏమంటామా అని ఆగి వింటుంది.